ఎవరూ నాదనని గీత

పాత కట్టడాల మీద పనిచేస్తానని చెప్పగానే ఎదుటివాళ్ల కళ్ల ముందు గడ్డపారలు, గుంతలు, మట్టికొట్టుకున్న కుండపెంకులు మెదులుతాయి. నేను వెంటనే సరిదిద్దేవాణ్ని. "మేం తవ్వం. నేల మీద గోటిగీత పడనివ్వకుండా లోపల ఏముందో చెప్తాం" అని. ఆ మాట అంటున్నప్పుడు నా గడ్డం ఒక అంగుళం పైకి లేస్తుందని మా ఆవిడ చాలాసార్లు అంది. నమ్మలేదు. ఇప్పుడు నమ్ముతున్నాను. ఎత్తిన నా గడ్డానికి ఫొటో సాక్ష్యం కూడా ఉంది, ఆకాశంలోంచి తీసింది.

మా పని చెప్పడానికి తేలికే. భూమిలో పాత గోడో రాతి కప్పో ఉంటే దాని మీద మట్టి పలచగా ఉంటుంది, అక్కడ గడ్డి గిడసబారుతుంది. పూడిపోయిన గుంత ఉంటే మట్టి తేమగా ఉండి గడ్డి ఏపుగా లేస్తుంది. నేల మీద నిలబడి చూస్తే ఈ తేడా తెలియదు. పైనుంచి చూస్తే మాత్రం గీతలు తేలుతాయి. ఆ గీతలు పట్టుకుని కింద మీటరుతో పరీక్షిస్తాం. నాలుగు ఇనుప పుల్లలు బెత్తెడు లోతున గుచ్చి మట్టిలోంచి కాస్త కరెంటు పంపితే, తడిమట్టి దాన్ని సులువుగా పోనిస్తుంది; రాయి, బోలు అడ్డుపడతాయి. అడుగడుక్కీ పుల్లలు పీకాలి, మళ్లీ గుచ్చాలి. ఓపిక కావాలి. నాకు లేనిది అదే. ఫొటో అంటే నాకు ప్రాణం, మీటరంటే నడుంనొప్పి.

పాతబస్తీలో బహదూర్‌పురా దాటి మూసీ వైపు వెళ్తే ఇళ్ల మధ్య ఒక ఖాళీ జాగా ఉంది. ఒకప్పుడు అక్కడ పెద్ద తోట ఉండేదని, దానికి నీళ్లు తెచ్చే కాలువ ఉండేదని ఒక పాత పటంలో లీలగా కనిపిస్తుంది. పటంలో తోట ఒక ఆకుపచ్చ మరక, కాలువ సగం చెరిగిన గీత. ఆ చెరిగిన సగం ఎటు పోయిందో తేల్చడానికి మా బృందం వెళ్లింది. బృందమంటే నేను, నాకంటే చాలా చిన్నదైన ఒక సహోద్యోగిని. మీటరు పని ఆమెది, మాటలు నావి.

ఆ జాగా పాలవ్యాపారం చేసే ఒక అక్కది. తాతల నాటి నుంచి వాళ్లకు బర్రెలే బతుకు. ఒక పక్క పచ్చగడ్డి మడి, ఇంకో పక్క రేకుల కొట్టం, మధ్యలో మైదానం. తెల్లవారుజామున దగ్గర్లోని జూలోంచి సింహం అరిస్తే మాకు ఒళ్లు జలదరించేది, ఆమె బర్రెలు చెవులు కూడా కదిలించేవి కావు.

మేం వెళ్లేనాటికి ఆమెకు ఒక చిక్కు ఉంది. కొట్టం గోడ వానలకు ఒరిగిపోయింది. సిమెంటు దిమ్మెలతో కొత్త కొట్టం కట్టాలి. కానీ పోయిన వానాకాలం ఆమె పెద్ద బర్రె, అందరూ 'నల్లది' అనేది, మైదానం మధ్యలో నడుస్తుంటే ముందుకాలు నేలలోకి దిగబడింది. గల్లీ అంతా కలిసి తాళ్లేసి లాగారు. కాలు విరగలేదు గానీ అది ఇప్పటికీ కుంటుతూనే ఉంది. గుంతలో రాళ్లు పోసి మూశారు. కింద ఇంకా ఎక్కడెక్కడ బోలుగా ఉందో తెలియక ఆమె కొట్టం పని ఆపుకుని కూర్చుంది. బర్రెలన్నీ లోపల ఉండగా నేల దిగిపోతే?

"తవ్వకుండ ఎట్ల చెప్తవ్ సారూ?" అంది మొదటిరోజు, పాలక్యాన్ కడుగుతూ. "డాక్టరు లెక్క ఎక్స్‌రే తీస్తవా?"

"దాదాపు గట్లనే అక్కా."

"అయితె ఒక్కటే మాట. నా జాగల బోలు ఏడున్నదో చెప్పు, కొట్టం ఏడ కట్టాల్నో చూపియ్యి. అటెన్క నీ కాల్వనో గీల్వనో నీ ఇష్టం."

"గంతే కదా!" అన్నాను. గడ్డం లేచే ఉంటుంది.

ఆ వైపు డ్రోన్ ఎగరేయడానికి మాకు అనుమతి దొరకలేదు. అందుకని పాత ఉపాయానికి వచ్చాం. పెద్ద పతంగికి కింద చిన్న కెమెరా వేలాడదీసి ఎగరేయడం. పాతబస్తీలో పతంగికి అనుమతి అడిగినవాడు ఇప్పటిదాకా పుట్టలేదు. ఎర్రగుడ్డతో మంచం దుప్పటంత పతంగి కుట్టించాను. "నేను పుట్టి పెరిగింది ఇక్కడే. చిన్నప్పుడు నా పతంగిని తెంపినోడు లేడు" అని సహోద్యోగినితో చెప్పాను. నిజానికి నా పతంగులు చాలానే తెగాయి. చెప్తున్నప్పుడు ఆ సంగతి గుర్తుకు రాలేదు.

చలి మొదలవుతున్న రోజులు. మిద్దెల మీద అప్పుడప్పుడే పోయినేటి మాంజా దులిపి ఒకటీ అరా పతంగులు లేస్తున్నాయి. మా ఎర్రది మెల్లగా పైకెక్కి నిలబడింది. కెమెరా దానంతట అదే ఫొటోలు తీసుకుంటోంది. నేను సంతోషంగా దారం పట్టుకుని నిలబడ్డాను. అప్పుడు ఒక మిద్దె మీదినుంచి చిన్న తెల్ల పతంగి ఒకటి బయల్దేరి, అటూ ఇటూ ఊగి, వచ్చి నా దారానికి రాసుకుంది.

చెయ్యాల్సింది ఏమిటో నాకు తెలుసు. దారం చుట్టేసి కెమెరాను దించుకోవాలి. "సర్, దించేద్దాం" అని సహోద్యోగిని అంటూనే ఉంది. కానీ దారం మీద ఆ గీరుడు వేలికి తగలగానే నాలో ఎవడో నిక్కరేసుకున్నవాడు లేచి కూర్చున్నాడు. నేను ఢీల్ ఇచ్చాను, దారం జర్రున వదిలాను. అంటే పేంచ్‌కు, దారంతో దారం తెంపుకునే పందేనికి, సరే అన్నట్టు. కింద వేలాడుతున్న ఖరీదైన కెమెరా, దాని కింద ఉన్న నా ఉద్యోగం, ఏవీ గుర్తులేవు. తెల్లది ఒక్కసారి బిగిసింది. నా చేతిలో దారం మెత్తబడింది.

"అఫా! అఫా!" అని మిద్దె మీది నుంచి పతంగి తెంపినవాడి కేక.

మా ఎర్రది తాపీగా తేలుతూ వచ్చి అక్క గడ్డివామి మీద వాలింది. కెమెరా గడ్డిలో కూరుకుని క్షేమంగా ఉంది. పతంగి కొసను మాత్రం నల్లది అప్పటికే నమలడం మొదలుపెట్టింది. కెమెరాలో చివరి ఫొటోలు చూస్తే ఒకదాంట్లో వంకర ఆకాశం, ఇంకోదాంట్లో నేను గడ్డం ఎత్తి నోరు తెరుచుకుని ఉండటం, ఆఖరి దాంట్లో మిద్దె మీద ఒక పెద్దాయన రెండు చేతులూ గాల్లోకి ఎత్తి గంతులేస్తూ ఉండటం.

కాసేపటికి ఆ పెద్దాయనే లుంగీ సర్దుకుంటూ దిగి వచ్చాడు. చాంద్రాయణగుట్ట చౌరస్తా దగ్గర ఆటోలకు సీట్లు కుట్టే దుకాణం ఆయనది.

"ఏంది సాబ్, గది పతంగా, పెండ్లి శామియానానా? మా మిద్దె మీద సగం ఎండ బంద్ అయింది."

"చాచా, అది ఫొటోలు తీసే పతంగి. పేంచ్ కోసం కాదు."

"మరి ఢీల్ ఎందుకిచ్చినవ్? నేను జర ముట్టుకున్న, గంతే. ముట్టుకుంటె చుట్టేసుకునేటోడు షరీఫ్. ఢీల్ ఇచ్చేటోడు ఆటకొచ్చినట్టు."

అక్క నవ్వు ఆపుకోలేకపోయింది. "భాయ్, మా సారు ఎక్స్‌రే తీస్తుండె. నువ్వు మిషిన్ తెంపినవ్" అంది.

సంగతంతా విన్నాక చాచా ముఖం మారింది. నల్లదాన్ని లాగిన తాళ్లలో ఒకదాని కొస ఆయన చేతిలోనూ ఉండిందట. చిరిగిన పతంగిని చంకలో పెట్టుకుపోయి, మర్నాడు ఆటోసీటు రెగ్జిన్ ముక్కలతో మాసికలు వేసి, పసుపుపచ్చ తోక కుట్టి తెచ్చాడు. గల్లీలో తిరిగి ప్రతి మిద్దె వైపూ మెడ ఎత్తి చాటింపు కూడా వేశాడు. "పీలా తోక పతంగి సర్కారీ పతంగి! ముట్టుకున్నోని చెయ్యి నేనే ఇరగ్గొడ్త!" దారం నా చేతికి మాత్రం ఇవ్వలేదు. "నీకు గుస్సా తొందరగ వస్తది సాబ్" అన్నాడు. ఆ రోజు నుంచి పతంగి ఆయనదే. నిజం చెప్పాలంటే ఆయన చేతిలో అది ఆకాశానికి మేకు కొట్టి తగిలించినట్టు నిలబడేది.

ఫొటోలు అద్భుతంగా వచ్చాయి. వానలకు మైదానమంతా సన్నగడ్డి మొలిచింది. ఆ పచ్చదనంలో మూడు గీతలు, తెల్లగా, బారుగా, పక్కపక్కన, స్కేలు పెట్టి గీసినట్టు. వాటికి కాస్త ఎడంగా ఒకే వరసలో గుండ్రటి మచ్చలు. తోట బాటలు! మధ్య గీత కాలువ! గుండ్రటివి ఫౌంటెన్ల తొట్లు! మధ్య గీత ఒక కొస సరిగ్గా నల్లది దిగబడిన గుంత దగ్గర ఆగింది. ఇంకేం కావాలి? పిచ్ ఒకటి కూడా కనిపించింది గానీ అది క్రికెట్ పిచ్ అని గుర్తుపట్టాను. అంత తెలివి ఉంది నాకు.

"సర్, మీటరుతో ఒకసారి నడుద్దాం" అంది సహోద్యోగిని.

"దేనికమ్మా? ఇంత తిన్నగా గీత ప్రకృతి గీస్తుందా?"

"ప్రకృతి గీయదు సర్. కానీ..."

ఆ 'కానీ' తరవాత ఏమనబోయిందో నేను విననేలేదు. అప్పటికే ఫోన్ తీసి మా పెద్దాఫీసరుకు ఫొటో పంపుతున్నాను. ఆయన శభాష్ అన్నాడు. ఆ శభాష్ ఇంకా చెవిలో ఉండగానే వెళ్లి, గీతలకు దూరంగా, మైదానానికి అవతలి పక్కన నాలుగు మేకులు పాతాను. "అక్కా, కొట్టం ఇక్కడ. కింద గట్టి నేల. ఫికర్ లేదు."

"పక్కానా సారూ?"

"పక్కా."

ఫొటో ఆమెకు చూపించలేదు. చాచాకూ చూపించలేదు. అడిగితే "అది మీకు అర్థం కాదు, టెక్నికల్" అన్నాను కూడా. ఈ మొత్తం వ్యవహారంలో నేను చేసిన అసలు తప్పు అదేనని ఇప్పటికీ అనుకుంటాను. తొందరపాటు నాకు పుట్టుకతో వచ్చింది, దాన్ని ఎంతని కొట్టుకోను? కానీ ఎవరి నేలో వాళ్లకే దాని బొమ్మ చూపించకపోవడం నేనుగా ఎంచుకున్నది.

మేస్త్రి వచ్చిన రోజు పొద్దున అక్క మేకుల దగ్గర పసుపు కుంకుమ చల్లి కొబ్బరికాయ కొట్టింది. కూలీలు నాలుగు మూలలా గుంతలు మొదలుపెట్టారు. నేను చేతిలో చాయ్ గ్లాసుతో, ఏదో కట్టించేవాడిలా నిలబడ్డాను. అదే సమయానికి ధూల్‌పేట్ నుంచి మాంజా పట్టేవాళ్లు ఒక ట్రాలీలో దిగారు. ఏటా సీజన్‌కు ఈ మైదానంలోనే దారం పట్టుకుంటారట. ఇద్దరు అన్నదమ్ములు. ఆ కొస నుంచి ఈ కొసకు కర్రలు పాతి, వాటి మధ్య దారం బారుగా కట్టి, అన్నం గంజి, రంగు, గాజుపొడి కలిపిన ముద్దను అరచేతుల్లో పట్టుకుని దారం వెంట పొద్దంతా అటూ ఇటూ నడుస్తారు. కారిన గంజి, రాలిన పొడి, ఆగని నడక. అలా నడిచినచోట నేల సిమెంటులా బిగిసిపోతుంది, గడ్డి మొలవదు.

మొదటి కర్ర దిగింది. రెండోది దిగింది. నేను ఊరికే చూస్తున్నాను. మూడో కర్ర నల్లది దిగబడిన గుంత పక్కన దిగింది. చాయ్ గ్లాసు కింద పెట్టాను. ఫోన్ తీసి ఫొటో చూశాను. మూడు గీతలు. తల ఎత్తేసరికి మూడు జతల కర్రలూ దిగాయి. గీత ఎక్కడ మొదలైందో కర్ర అక్కడే ఉంది, ఎక్కడ ఆగిందో ఇంకో కర్ర అక్కడ ఉంది. నా తోట బాటలు పోయిన చలికాలంలో ఈ అన్నదమ్ముల చెప్పుల కింద పుట్టాయి.

మరి కాలువ ఎక్కడ? తెలియదు. కొట్టం కింద ఉందో లేదో? తెలియదు. వెనక గడ్డపార దబ్ దబ్ మంటోంది.

అప్పుడైనా నిజం చెప్పి ఉండాల్సింది. నేను మేస్త్రి దగ్గరికి పోయి, చాలా పెద్దమనిషిలాగా, "ఇవ్వాళ పని ఆపితే మంచిది. అమావాస్య కదా" అన్నాను.

అక్క తిరిగి చూసింది. "అమావాస్య మొన్ననే పోయింది సారూ."

"అంటే... దాని ప్రభావం..."

"ఏమయింది సారూ?" అంది. ఈసారి గొంతు వేరుగా ఉంది.

చెప్పాను. గీతలు మాంజావాళ్లవని, నేను కాలువ అనుకున్నానని, మీటరు పెట్టకుండానే మేకులు పాతానని, ఇక్కడ కింద ఏముందో నాకు తెలియదని. చెప్తుంటే గడ్డపారలు ఒక్కొక్కటే ఆగాయి. అన్నదమ్ముల్లో చిన్నవాడు గంజి కలుపుతున్నవాడల్లా చెయ్యి అలాగే ఉంచి వింటున్నాడు.

"ఆకాశంకెళ్లి చూసినవ్ గద సారూ" అంది అక్క చివరికి. "గంత మీదికెళ్లి చూస్తె గూడ నా ముంగట ఏటేటా కనవడేది నీకు కనవడలే? నాకు ఒక్కపారి చూపెడ్తె ఏం పోతుండె? రేపు కొట్టంల నల్లది మల్ల దిగవడితె, గుంజనీకి నువ్వొస్తుంటివా?"

తల దించుకున్నాను.

మేస్త్రి గొణిగాడు. "అయితె మమ్మల్ని ఊకెనే పిలిచిన్రా?"

"చాయ్ తాగు మేస్త్రీ" అంది ఆమె. "సారు ఇంకా చదువుకుంటుండు."

అందరూ నవ్వారు. నవ్వులో నేనూ కలిశాను, వేరే దారి లేక. సహోద్యోగిని మాత్రం నవ్వలేదు. ఆమె మెల్లగా ట్రంకు మూత తీసి మీటరు బయటికి తీస్తోంది. "ఆ రోజు నువ్వు 'కానీ' అని ఏదో అనబోయావు" అన్నాను. "మనిషి కూడా గీస్తాడు కదా సర్, నిన్ననే గీసి ఉండొచ్చు, అనబోయాను" అంది. అంతే.

పెద్దాఫీసరుకు ఫోన్ చేశాను. "సర్, అది తోట కాదు, మాంజా" అన్నాను. ఆయన ఎంతసేపు నవ్వాడంటే, మధ్యలో ఫోన్ చెవికి దూరంగా పెట్టుకోవాల్సి వచ్చింది.

ఆ సాయంత్రమే ఫ్లెక్సీలు వేసే షాపుకు పోయి ఫొటోను మంచమంత సైజులో అచ్చు వేయించాను. షాపువాడు "ఎవరి బర్త్‌డే అన్నా?" అన్నాడు. మర్నాడు పొద్దున దాన్ని మైదానంలో పరిచి నాలుగు మూలలా ఇటుకలు పెట్టి అందర్నీ పిలిచాను. ఒక స్కెచ్‌పెన్ అక్క చేతికిచ్చి, "ఇందులో మీదేదో మీరు కొట్టేయండి. మీకు తెలిసిన ప్రతి గీతా, ప్రతి మచ్చా" అన్నాను.

మొదట బెరుకుగా చూశారు. ఐదు నిమిషాల్లో సంత అయిపోయింది.

"గిది నా బర్లు మడికి పోయే తొవ్వ. గిది పిడకలు ఎండేసేది."

"ఈ మూడు మావి" అన్నారు అన్నదమ్ములు నా వైపు చూడకుండా. అది వాళ్ల మర్యాద.

"ఇగో వినాయకుని మండపం కర్రల గుంతలు. మూడేండ్ల కింద పెద్దగ పెట్టినం, యాదికుందా?"

చాచా ఫ్లెక్సీ మీదికి మోకాళ్ల మీద వచ్చి, నా ఫౌంటెన్ల వరస మీద చెయ్యి పెట్టాడు. కళ్లు మెరిశాయి. "అరె! గివి నా బిడ్డ షాదీ దేగ్‌ల పొయ్యిలు! ఇగో గిది బిర్యానీ, గిది కూడ బిర్యానీ, గిది కద్దూకీ ఖీర్. గీ చివరిది జర చిన్నగ ఉన్నది చూడు, బగారా బైంగన్."

"భాయ్, ఆ రోజు బైంగన్ మాడింది" అంది అక్క.

"మాడలె! కొంచెం రంగు వచ్చింది."

"మాడింది. పొయ్యి మచ్చ గూడ నల్లగనె ఉన్నది, సారు ఫొటోల సాక్షం ఉన్నది."

ఒక్కొక్కటే కొట్టేస్తూ పోయారు. పిల్లల గోలీల గుంతలు, ట్యాంకరు తిరిగిన చక్రాల జాడ, ఎవరో ఇసుక పోసుకుని తీసేసిన చోటు. నేను ఒక మూల కూర్చుని చూస్తున్నాను. ఇరవై ఏళ్లుగా పైనుంచి తీసిన ఫొటోలు చూస్తున్నాను గానీ, ఒక ఫొటోలో ఇంతమంది ఉంటారని ఎప్పుడూ అనుకోలేదు. పాతదాని కోసం చూసే తొందరలో నిన్నటిదంతా నాకు అడ్డంగానే కనిపించేది.

చివరికి ఒకటి మిగిలింది.

గడ్డిమడి మూలలో మొదలవుతుంది. అక్కడ గడ్డి పక్కలకంటే ఒక జానెడు పొట్టిగా, కాస్త పసుపుగా ఉంది. మడి దాటాక మైదానంలో దాదాపు కనిపించదు. చూపు పక్కకు తిప్పితేనే తెలుస్తుంది. తిన్నగా లేదు. కొద్దిగా వంపు తిరిగి, నల్లది దిగబడిన గుంత మీదుగా, అవతలికి పోతోంది. నేను కూడా దాన్ని ముందే చూశాను. తిన్నగా లేదని వదిలేశాను.

"ఇది ఎవరిది?" అన్నాను.

అక్క చాచా వైపు చూసింది. చాచా అన్నదమ్ముల వైపు చూశాడు. పెద్దవాడు తల అడ్డంగా ఊపాడు. ఎవరూ నాదనలేదు.

స్కెచ్‌పెన్ తీసుకుని సహోద్యోగిని ఆ గీత వెంట చుక్కలు పెట్టుకుంటూ పోయింది. చుక్కలు వెళ్లి వెళ్లి నేను నాలుగు మేకులు పాతిన చోటి మధ్యలోకి, సరిగ్గా మధ్యలోకి, దూరాయి.

నల్లది నెమరేస్తూ మా వైపు చూసింది.

తరవాత మీటరు. ఈసారి పుల్లలు గుచ్చింది నేను. సహోద్యోగిని నీడలో కూర్చుని అంకెలు చదివింది, "ఇంకొంచెం లోతుగా సర్", "పక్కకు సర్" అంటూ. అది ఆమె కక్ష కాదు, పని అలాగే ఉంటుంది, ఇన్నాళ్లూ నేను చెయ్యలేదంతే. నడుం వంగిపోయింది. అరచేతుల్లో పొక్కులు లేచాయి. మాంజా అన్నదమ్ములు పక్కన దారం వెంట నడుస్తూ, నేను కొలతకు కట్టిన నా తాడు వెంట నడుస్తూ, కాసేపటికి మా ముగ్గురి నడకా ఒకేలా అయింది. "సార్‌కు మా దగ్గర నౌకరీ ఇయ్యొచ్చు" అన్నాడు చిన్నవాడు. మామూలు మట్టి మీద అంకె చిన్నగా ఉండేది. ఆ వంపు గీత మీదికి రాగానే ఎగిరి కూర్చునేది, దాటగానే దిగిపోయేది. ఎక్కడ దాటినా అంతే. నా మేకుల మధ్య అన్నిచోట్లకంటే ఎక్కువ.

రాళ్లు పోసిన గుంతలో ఒక పక్క సందు మిగిలి ఉంది. అందులోకి కెమెరా దించుదామన్నది చాచా ఆలోచన. చిన్న లైటు కట్టి, అదే దారంతో, అదే చేత్తో, మెల్లగా వదిలాడు. "ఇగో ఢీల్ అంటె గిట్ల ఇయ్యాలె సాబ్, నేర్చుకో." పైకి తీసి చూశాం. రాతిపలకల కప్పు, ఇటుకల పక్కగోడలు, అడుగున ఎండిన బురద. మనిషి పాకేంత బోలు, చీకట్లోకి వంపు తిరిగి పోతోంది. కాలువే. ఈసారి ఫోన్ తియ్యలేదు. ముందు ఫొటో అక్కకు చూపించాను.

ఆమె కళ్లు చిట్లించి చూసి, తెర మీద వేలు పెట్టింది. "ఓ భాయ్! గీ పలుపు నాదే! నల్లదాన్ని గుంజినప్పుడు పోయింది, కొత్త పలుపు! ఇంటింటికి తిరిగి అడిగిన!"

"నన్ను గూడ దొంగ అన్నవ్" అన్నాడు చాచా.

"అనలె. అడిగిన, గంతే."

పలుపు అక్కడే ఉండిపోయింది. మేం తవ్వం కదా.

కొత్త కొట్టం ఇవతలి గోడ పక్కన లేచింది. అక్కడ మీటరు అంకె మొదటి నుంచి చివరిదాకా చిన్నగానే ఉంది. మేం రెండుసార్లు నడిచాం, అక్క అడిగిందని మూడోసారి కూడా. అది మాంజావాళ్ల చోటు కాబట్టి వాళ్లు కాలువ వైపు జరగాల్సి వచ్చింది. కింద బోలు అని నేను జాగ్రత్తలు చెప్పబోతే పెద్దవాడు తన బక్క ఒళ్లు చూపించి, "మేమేమన్న బర్రెలమా సార్?" అన్నాడు. కొట్టంలోకి మొదట నల్లదాన్నే తోలారు. గడప దగ్గర ఆగింది. కుంటి కాలు ముందు పెట్టి, ఒకసారి నొక్కి చూసి, అప్పుడు మిగతా కాళ్లు తెచ్చుకుంది. నాకు మీటరు అక్కర్లేదనిపించింది. వెంటనే ఆ ఆలోచనను మందలించుకున్నాను.

మరుసటి ఏడు వానలు వెలిశాక మళ్లీ ఫొటోలు తీశాం. చాచా పతంగికి కొత్త రెగ్జిన్ వేశాడు. ఫ్లెక్సీ పరవగానే జనం వచ్చేశారు, ఈసారి పిలవకుండానే. అక్క తన కొట్టం పైకప్పు మీద అరచెయ్యి పెట్టి, "గిది నాది" అంది, దాన్ని మొదటిసారి చూస్తున్నట్టు. మాంజా గీతలు మూడూ కొత్త చోటికి వచ్చాయి. కాలువ మడిలో అలాగే పసుపుగా, వంపుగా ఉంది. మైదానానికి అవతలి పక్కన మాత్రం నాలుగు మచ్చలు, మూలకొకటి, చుట్టుపక్కల కంటే ముదురుపచ్చగా, గడ్డి ఏపుగా లేచి ఉన్నాయి. తవ్వి పూడ్చిన గుంతల మీద గడ్డి అలాగే పెరుగుతుంది.

స్కెచ్‌పెన్ పట్టుకున్న అక్క వాటి దగ్గర ఆగింది. "గివి ఎవరియి?"

ఎవరూ నాదనలేదు. పోయినేడు ఆ గీత దగ్గర లాగే, కానీ ఈసారి చాచా మీసం కింద నవ్వుతున్నాడు. సహోద్యోగిని పక్కకు తిరిగింది.

నేను పెన్ను అడిగి తీసుకున్నాను. ఫ్లెక్సీ మీద మోకాళ్లు ఆనించి, నాలుగింటినీ ఒక్కొక్కటే కొట్టేశాను.

"నావి" అన్నాను.